రెండు వందల నలభై స్లీపర్లు

గుడ్డమూట ముడి విప్పడానికి రంగన్నకు చాలాసేపు పట్టింది. ముప్పై ఐదేండ్లు రైలుపట్టాలను ఎత్తి దించిన వేళ్లవి. సన్నని ముడులకు అవి లొంగవు. బల్ల వెనుక సంఘం కార్యదర్శి మల్లికార్జునయ్య తొందరపెట్టకుండా, చెమటకు కాగితం తడవకుండా మణికట్టు కింద పరచుకొన్న చేతిరుమాలును సరిచేసుకుంటూ వేచివున్నాడు. మే నెల ఆఖరు గురువారం. గుంతకల్లు మీద ఎండ కాచిన నూనెలా వాలుతున్నది.

మూటలో రంగన్న ఇంటి అప్పు పత్రాలున్నాయి. ఎనిమిదేండ్లనాడు, రైల్వే ఉద్యోగుల ఇండ్లకు అప్పులిచ్చే ఆ సంఘంలో రెండువేల రూపాయలు తీసుకొని ఆయన రెండంకణాల రాతి ఇల్లు కట్టుకొన్నాడు. ఆనాటినుండి ఆ మూట దేవుని పటం వెనుకనే ఉన్నది. పండుగపూట పటానికి పెట్టిన చేతితోనే దానికీ కుంకుమ పెట్టేవాళ్లు. విప్పి చదివినవాళ్లు మాత్రం ఆ ఇంట లేరు. నెలనెలా జీతంలో పద్నాలుగు రూపాయల ముప్పైమూడు పైసలు పట్టుకొంటున్నారు గదా, తక్కినది వాళ్లే చూసుకొంటారని ఆయన నమ్మకం. ఈ నెలాఖరుకు పట్టాల గ్యాంగు మేస్త్రీగా ఆయన ఉద్యోగం ముగుస్తుంది. ఆలోగా లెక్క తేల్చుకోవాలని వచ్చినాడు. తోడుగా అదే గ్యాంగులోని కీమాన్ లింగన్నను వెంటబెట్టుకొన్నాడు.

మల్లికార్జునయ్య దస్త్రం తిరగేసి, వేలితో ఒక వరుసను నిలిపి చదివినాడు.

“పద్నాలుగు వందల అరవై ఎనిమిది రూపాయల యాభై పైసలు, రంగన్నా.”

రంగన్న ముఖం తేటపడింది. “అది నేను కట్టింది గదా సామీ. ఇంక కట్టాల్సింది చెప్పు.”

“నువ్వు కట్టింది పదమూడు వందల డెబ్బై ఐదు. కట్టాల్సిందే ఇది.”

రంగన్న కుడిచేతి బొటనవేలు ఎడమచేతి కణుపుల మీదుగా ఒకసారి పోయి వచ్చింది, మరల పోయింది. రెండువేలలో పదమూడు వందల డెబ్బై ఐదు పోతే ఆరువందల పాతిక. ఇంటినుండి బయలుదేరినప్పుడు ఆయన మనస్సులో ఉన్న లెక్క అదే. ప్రావిడెంటు ఫండులో అది పోను మిగిలిన దుడ్లతో రెండు పాడిబర్రెలు కొనుక్కొని, శేషజీవితం పాలమ్ముకొని గడపాలని ఆయన సంకల్పం. బర్రెలను చూసి కూడా వచ్చినాడు.

ఆ పీఠభూమి పల్లెలలో ఒక ఆచారమున్నది. అప్పు తీర్చేవాడు తెచ్చినదాన్ని తెచ్చినట్లు అసలులో వేస్తారు. వడ్డీ సంగతి ఆఖరున, నలుగురు పెద్దల ముందర తేలుతుంది. ఎన్నేండ్లు వాన తప్పినదో లెక్కవేసి, ఇచ్చినవాడు అందులో కొంత విడిచిపెడతాడు. అక్కడ పుట్టి పెరిగిన రంగన్నకు అప్పు తీరే తీరు మరొకటి ఉంటుందని తోచలేదు. సంఘంలోనైనా ఆఖరున నలుగురూ కూర్చొంటారనీ, కరువుకాటకాలు చూసి ఏదో ఒకటి తగ్గిస్తారనీ ఎనిమిదేండ్లూ అనుకొంటూనే ఉన్నాడు.

మల్లికార్జునయ్య కఠినుడు కాడు. కట్టిన దుడ్లలో ముందు ఆ నెల వడ్డీ పోతుందనీ, మిగిలినదే అసలుకు చేరుతుందనీ, పత్రం వెంట ఉన్న పట్టికలో నెలవారీగా అంతా రాసేవున్నదనీ రెండుసార్లు నిదానంగా చెప్పినాడు. బాకీ ఒక్కసారే ఫండులో పట్టుకొమ్మంటే పట్టుకుంటామనీ, వద్దంటే ఇంకో పన్నెండేండ్లు ఇట్లే కట్టుకోవచ్చుననీ అన్నాడు. అందులో అబద్ధమేమీ లేదు. రంగన్న కాగితాలను మరల గుడ్డలో పెట్టినాడు గాని, ఈమారు ముడి వేయడం ఆయన చేతకాలేదు. లింగన్న అందుకొని వేసినాడు.

వేస్తున్న వేళ్లు లింగన్నవే అయినా, మనస్సు సోమవారం మీద ఉన్నది. సోమవారంనాడు అదే బల్ల ముందర, అదే రెండువేలకు, అదే ఇరవై యేండ్ల గడువుకు ఆయన చేవ్రాలు చేయవలసి ఉన్నది. ఊరి వెలుపల మూడు సెంట్ల స్థలం కొన్నాడు. పునాది రాళ్లు తోలించినాడు. ఆయనకిప్పుడు నలభై నాలుగు. ఉద్యోగం ఇంకా పద్నాలుగేండ్లు. ఉద్యోగం ముగిసిన నెలలో రైల్వేవారి గది ఖాళీ చేయాలి. ఆనాటికి తలదాచుకొనడానికి తమదైన కప్పు ఒకటి ఉండాలన్నదే మొగుడూ పెండ్లాలిద్దరి ఆశ.

ఆ సాయంత్రానికే సంగతి గ్యాంగంతా పాకింది. సంఘంవాళ్లు ముంచినారని కొందరు, పైవాళ్లకు అర్జీ పెట్టాలని కొందరు. పనిముట్ల కొట్టు ముందర నోటికి హద్దులేని చిన్నప్ప, “ఏం మేస్త్రీ, ఎనిమిదేండ్లూ నీ ఇంటికి సున్నం కొట్టినావనుకుంటిమి, సంఘం గోడలకు కొట్టినావా?” అన్నాడు. నవ్వబోయినవాళ్లు రంగన్న ముఖం చూసి నవ్వలేదు. చిన్నప్ప కూడా తరువాత గడ్డపారలు లెక్కపెట్టే నెపంతో లోపలికి పోయి, చాలాసేపటికి గాని బయటికి రాలేదు.

*

కీమాన్ పని ఒంటరి పని. పట్టాలను, వాటికింద అడ్డంగా పరచిన స్లీపరు దిమ్మెలకు బిగించి ఉంచే ఇనుపకీలు రైలుబండ్ల అదురుకు వదులవుతుంటాయి. తెల్లవారినది మొదలుకొని తన వంతు నాలుగు మైళ్లు పట్టాల వెంట నడిచి, వదులైన ప్రతి కీలునూ సుత్తితో బిగించి, మరల అంత దూరమూ రెండోవైపు పట్టా చూసుకొంటూ తిరిగి రావడం లింగన్న నిత్యకృత్యం. భుజాన పొడుగుకాడ సుత్తి, నడుముకు స్పానరు, చంకన ఎరుపు పచ్చ జెండాలు. బిగువుగా ఉన్న కీలు సుత్తి తాకితే కంచులా పలుకుతుంది. వదులైనది మూగగా ఉంటుంది. ఇరవై రెండేండ్లుగా ఆ రెండు ధ్వనుల నడుమనే ఆయన జీవితం నడిచింది. ఆయన వంతులో కీలు ఊడి బండి పట్టా తప్పిన దినం ఒక్కటీ లేదు.

శుక్రవారంనాడు ఆయన నడుస్తూ రంగన్న అడగని ప్రశ్నను తనలో తాను అడుగుకొన్నాడు. ఇరవై యేండ్లంటే ఎంత? సంవత్సరాలుగా తలచుకొంటే అది మబ్బులా ఉన్నది, పట్టుబడదు. నెలలుగా చేస్తే రెండు వందల నలభై. ఆ అంకె నోటికి రాగానే కాలికింద ఉన్నది కనిపించింది. రెండు వందల నలభై స్లీపర్లు. తనకు తెలిసిన దూరమే. సిగ్నలు కంబం దగ్గర ఆరంభించి కల్వర్టు దాటేసరికి అయిపోతుంది. అయితే ఏ స్లీపరు మీద ఎంత బరువున్నదో తెలియదు. కీలు పలికేదీ మూగదీ తెలియకుండా పట్టా మీద బండిని పోనిచ్చే కీమాన్ ఉండడు. తాను సోమవారం చేయబోతున్నది అదే గదా అనుకొన్నాడు.

డ్యూటీ దిగి, రంగన్న ఇంటికి పోయి మూట అడిగినాడు. రంగన్న కారణమడగకుండా పటం వెనుకనుండి తీసి ఇచ్చినాడు.

శనివారం మధ్యాహ్నం ఆ పత్రాలతోనే లింగన్న కంకర కొట్టేచోటికి వెళ్లినాడు. ఆయన భార్య సుంకమ్మ పని అక్కడ. రెండేండ్లుగా వానలు లేక చుట్టుపట్ల పల్లెల ఆడవాళ్లంతా కంకర పనికి వచ్చినారు. గుట్ట నీడలో సుత్తుల చప్పుడు కోడిపిల్లలు గింజలు పొడుస్తున్నట్లు ఎడతెగకుండా వినవస్తున్నది. సుంకమ్మ ఇనుప వలయంలో రాతిని ఇరికించి, ఎడమచేత్తో పట్టి, కుడిచేత్తో ఒకే దెబ్బకు చీలుస్తున్నది. ఏ రాయికి ఎక్కడ నరముంటుందో ఆమె కంటికి తెలుసు. కూలి పెట్టెలెక్కన, కొట్టిన కంకర పెట్టెలో పోసి కొలిస్తే పెట్టెకు రూపాయి. తక్కినవాళ్లు దినానికి ఒక పెట్టె నింపలేని చోట ఆమె ఒకటింబావు నింపేది. కొలిచేవాడు పెట్టెను కదిపి రాళ్లను కుదించబోతే, ఒక్క మాటైనా లేకుండా ఆమె పెట్టె అంచు మీద కాలుపెట్టి నిలబడేది. అదొక్కటే ఆమె కలహం.

లింగన్న పట్టిక తెరిచి, ఒక్కొక్క వరుసలో కిస్తు ఎంత, అందులో వడ్డీ ఎంత, అసలు ఎంత అన్నది చూపించబోయినాడు. ఆమె కొంతసేపు ఆ అంకెలకేసి చూసి, చేతి దుమ్ము కొంగుకు తుడుచుకొన్నది.

“కాయితంలో ఉంటే నాకేం తెలుస్తాది? నువ్వు నడిచేదాంట్లో, నేను కొట్టేదాంట్లో చూపీ.”

ఆయన నవ్వినాడు. తాను రెండు దినాలుగా ఎవరికీ చెప్పక మోసుకు నడుస్తున్న తలపును ఆమె అడిగి తీసుకొన్నట్లున్నది.

*

బండి నడిచే పట్టాల మీద రాయి పెట్టడమన్నది కీమాన్ చేతికి రాని పని. అందుకని ఆదివారం ప్రొద్దున, పాత క్వారీకి పోయే దారిలో బండి ఎక్కక తుప్పుపట్టిన సైడింగు అనే పక్కపట్టాలను లింగన్న ఎంచుకొన్నాడు. సుంకమ్మ గంపెడు కంకర నెత్తిన పెట్టుకొని వచ్చింది. అన్నీ ఒకే పరిమాణంలో ఉన్న రాళ్లు, చింతగింజను పెద్దది చేసినట్లు. రంగన్నను లింగన్న బలవంతం చేసి పిలుచుకొచ్చినాడు. పిలవకుండా వచ్చినవాడు చిన్నప్ప.

లింగన్న సుద్దముక్కతో మొదటి స్లీపరు మీద ఒకటి వేసినాడు. అక్కడనుండి వంగిన నడుము ఎత్తకుండా రెండు వందల నలభై దాకా అంకెలు వేసుకొంటూ పోయినాడు. ఒక్కొక్క స్లీపరు ఒక్కొక్క నెల. తరువాత పట్టిక చేతబట్టుకొని వచ్చి, ప్రతి స్లీపరుకు ఎడమకొనను వడ్డీ, కుడికొనను అసలు సుద్దతో రాసినాడు. రూపాయికొక రాయి చొప్పున మొదటి యేడు పన్నెండు స్లీపర్ల మీదా, ఆపైన యేటికొక స్లీపరు మీదా రాళ్లు పేర్చడం సుంకమ్మ పని. పైసలను దగ్గరి రూపాయిలో సర్దేసినారు. ఎండ ఎక్కేలోగా సైడింగు పొడుగునా ఒక విచిత్రమైన తోరణం పరచుకొన్నది.

మొదటి స్లీపరు మీద ఎడమన పది రాళ్లు, కుడిన నాలుగు. రెండో దాని మీద అంతే. మూడో దాని మీద అంతే. నడిచేకొద్దీ ఎడమ కుప్ప ఒక్కొక్క రాయిగా సన్నగిల్లుతున్నది. కుడి కుప్ప ఒక్కొక్క రాయిగా పెరుగుతున్నది. కాని ఎంత నెమ్మదిగా! రంగన్న తన ఎనిమిదేండ్ల దూరం నడిచి తొంభై ఆరో స్లీపరు మీద నిలిచినాడు. అక్కడ కూడా ఎడమవైపే ఎక్కువ. లింగన్న ఇంకొంచెం ముందుకు పోయి నూటరెండో స్లీపరు చూపించినాడు. రెండువైపుల అంకెలూ సరిసమానమైనది అక్కడ.

“ఇంకారు అడుగులు,” అన్నాడు రంగన్న. ఎనిమిదేండ్లూ తనను ఎవరూ మోసగించలేదని ఆయనకు ఆ చోట తెలిసింది. తెలియడం వల్ల బాధ తగ్గలేదు. అయితే దానికి ఒక ఆకారం వచ్చింది. ఆకారమున్న బాధను మోయవచ్చు.

లింగన్న నూట అరవై ఎనిమిదో స్లీపరు దగ్గర ఒక పెద్ద రాయి తెచ్చి నిలిపినాడు. తన ఉద్యోగం ముగిసే నెల అది. దానికి ఆవల డెబ్బై రెండు స్లీపర్లు ఎండలో తెల్లగా పడివున్నాయి. జీతం ఉండదు, కిస్తు ఉంటుంది. ఆయన అక్కడ నిలబడి ఆ డెబ్బై రెంటినీ ఆసాంతం చూసినాడు. మొత్తం కూడితే, రెండువేల ఇంటికి మూడువేల నాలుగు వందల ముప్పై తొమ్మిది రూపాయలు.

చిన్నప్ప అన్నాడు: “చించి పారెయ్యన్నా ఆ కాయితం. కొన్న జాగాలో కొట్టం వేసుకో. వానొస్తే కారుతాది, రాకుంటే కారదు. ఈడ వానెప్పుడొచ్చింది?”

కాగితం చించవలసిందేనని లింగన్నకూ తోచింది. రేపు సంఘానికి పోయి వద్దని చెప్పివద్దామని మనస్సులో మాటలు కూర్చుకొంటున్నాడు. పునాది రాళ్లను ఎవరు కొంటారో కూడా తలచుకొన్నాడు. ఆయన ఓడిపోయిన మనిషిలా లేడు. బలహీనమైన కీలును చూసి బండి ఆపినవాడిలా ఉన్నాడు.

సుంకమ్మ మాత్రం ఆ పెద్ద రాతికేసి రాలేదు. ఆమె ఇంకా మొదటి స్లీపరు దగ్గరే గొంతుకూర్చొని ఉన్నది. ఎంతసేపటికీ లేవకపోయేసరికి లింగన్న వెనక్కి నడిచి వచ్చినాడు. ఆమె తలయెత్తకుండా, ఎడమ కుప్పను వేలితో చూపి, ఈ పది రాళ్లు ఎందుకిస్తున్నామని అడిగింది. రెండువేలు ఒక నెలపాటు మన దగ్గర ఉన్నందుకని ఆయన చెప్పినాడు. ఈ నాలుగో అని అడిగింది. అవి అప్పు తరిగేవని చెప్పినాడు. రెండో స్లీపరు మీద ఉన్న పదీ నాలుగూ కూడా అంతేనా అన్నది. అంతేనన్నాడు.

ఆమె చేయి చాచి, రెండో స్లీపరు కుడికొనన ఉన్న నాలుగు రాళ్లను తీసి, మొదటి స్లీపరు కుడికొనన పెట్టింది. రెండో స్లీపరు మీద ఎడమవైపు పది రాళ్లు ఒంటరిగా మిగిలినాయి.

“ఆ నెలలో తరగాల్సిన అప్పును ఈ నెలే తరిగేసినామనుకో. అప్పుడీ పది ఎవురికియ్యాల?”

లింగన్న ఆ పది రాళ్లకేసి చూసినాడు. పట్టికలో రెండో వరుస, మూడో వరుస మార్చి మార్చి చూసినాడు. మొదటి కిస్తుతో పాటు మరొక నాలుగు రూపాయల చిల్లర అసలులో పడితే, మిగిలే బాకీ రెండో వరుస ఆఖరున ఉన్న బాకీయే; ఇక నడవవలసింది మూడో వరుసనుండి. రెండో వరుస ఇక లేదు.

“ఎవురికీ ఇయ్యాల్సిన పన్లేదు మే,” అన్నాడు నిదానంగా.

ఆమె ఆ పది రాళ్లనూ దోసిటికెత్తి గంపలో పడేసింది. ఒక స్లీపరు వెలితి అయింది.

నాలుగు రూపాయలతో పద్నాలుగు రూపాయల స్లీపరును దాటడం! ఆ నలుగురిలో అక్షరం తెలియనిది ఆమె ఒక్కతే. భగవంతుడు చదువును కొందరికే పంచినా, వివేకాన్ని ఎవరి దోసిట ఎంత పోసినాడో ముందుగా ఎవరూ చెప్పలేరు. రాతికి నరం వెదకి ఒకేచోట కొట్టడం నేర్చిన కన్ను, ఇరవై యేండ్ల అప్పుకు కూడా నరమెక్కడున్నదో కనిపెట్టింది. అది మొదట్లోనే ఉన్నది. ఆఖరి స్లీపర్ల మీద పద్నాలుగూ కుడివైపే. అక్కడ ముందుగా ఇచ్చి గెలుచుకొనేది ఏమీ లేదు.

“నెలకు ఐదు పెట్టెలు నావి,” అన్నది సుంకమ్మ. “మిగతావి సంసారానికి. ఐదు రూపాయలతో ఎంతదూరం పోతామో నడిచి చూడు.”

లింగన్న నడిచినాడు. ఒక నెలకు ఒక స్లీపరు కిస్తుతో. ఐదు రూపాయలతో దాటగలిగినన్ని స్లీపర్లు అదనంగా. మిగిలిన చిల్లర మరుసటి నెలకు. చిన్నప్ప వెంట నడుస్తూ నెలలు లెక్కపెట్టినాడు. హాస్యమాడేవాడు హాస్యం మరచి, అంకె తప్పుతుందేమోనని పెదవులు బిగపట్టినాడు. మొదట్లో ఒక్కొక్క నెలకు రెండేసి స్లీపర్లు గడిచిపోతున్నాయి. పోనుపోను అదనపు అడుగు చిన్నదైంది. అయినా పెద్ద రాయి వచ్చింది, దాన్ని దాటినారు. రెండు వందల నలభయ్యో స్లీపరు మీద లింగన్న కాలుమోపినప్పుడు చిన్నప్ప నోట వచ్చిన అంకె నూట నలభై ఆరు. పన్నెండేండ్ల రెండు నెలలు. ఉద్యోగం ముగియడానికి ఇంకా ఇరవై రెండు నెలలుండగానే ఇల్లు తమదవుతుంది. కట్టేది కూడా ఆరువందలకు పైగా తగ్గుతుంది.

రంగన్న అంతసేపూ తన తొంభై ఆరో స్లీపరు వదలలేదు. లింగన్న ఆయన పక్కకు వచ్చి, అక్కడనుండి ఆఖరిదాకా ఉన్న నూట నలభై నాలుగు కిస్తులు కూడి చెప్పినాడు: రెండువేల అరవై మూడు. ఈనాడు ఫండులో పట్టుకొంటే పోయేది పద్నాలుగు వందల అరవై ఎనిమిది. రంగన్న ఎడమవైపు అంకెలను చూసి, “అయితే పట్టుకోమంటాలే,” అన్నాడు. “ఒక బర్రె చాలు. రెండింటికి మేత యాడ తెస్తా ఈ కరువులో.” మరికొంత సేపటికి సుంకమ్మవైపు తిరిగి, “ఎనిమిదేండ్ల కింద నా ముందర ఈ రాళ్లు పరిచేవాళ్లు లేకపాయిరి, తల్లీ,” అన్నాడు. ఆమె తలవంచుకొని గంపలోకి రాళ్లు ఏరుతూ ఉండిపోయింది.

*

సోమవారం ప్రొద్దున సంఘం ఆఫీసులో వాళ్ల తరువాత కూలీ ఆంజినప్ప ఒక్కడే బెంచీ మీద ఉన్నాడు. రైల్వే జీతం మీద స్టేషనులో పార్సిలు మూటలు మోసేవాడు, వాడిదీ ఇంటి అప్పే. లింగన్న ఉతికిన చొక్కా తొడుక్కొన్నాడు. సుంకమ్మ కొలిచేవాడికి చెప్పి ఒకపూట పని మానుకొని వచ్చింది.

మల్లికార్జునయ్య పత్రం నింపి, కలం లింగన్నకు అందించినాడు. లింగన్న కలం పుచ్చుకోలేదు. కిస్తుకంటె ఎక్కువ దుడ్లు కడితే అవి అసలులో పడతాయా అని అడిగినాడు.

కార్యదర్శి కండ్లజోడు పైకి తోసుకొన్నాడు. ఆ కుర్చీలో కూర్చొన్ననాటినుండి కిస్తు తగ్గించమన్నవాళ్లను, ఒక నెల ఆగమన్నవాళ్లను, వడ్డీ మాఫీ చేయమన్నవాళ్లను ఆయన చూచినాడు. ఎక్కువ కడతామన్నవాడిని చూడలేదు. పత్రం తిప్పి, సన్నని అచ్చులో ఉన్న షరతుల మీదుగా వేలు జరుపుతూ పోయి పదకొండవదాని దగ్గర ఆపినాడు. “ఋణగ్రహీత తనకు వీలు కలిగినపుడు కిస్తుకు మించి చెల్లించవచ్చును. కోరినచో అట్టి సొమ్ము అసలునకే జమకట్టబడును.” ఏండ్ల తరబడి ఆ పత్రాలను నింపుతున్నా, ఆ వాక్యాన్ని ఆయన పైకి చదవడం అదే మొదటిసారి. చదివిన తరువాత, “కోరినచో,” అని మరొక్కసారి తనలో తాను అనుకొన్నాడు.

“కోరుతాండాము,” అన్నది సుంకమ్మ.

ఆమె కొంగుముడి విప్పి బల్లమీద నాలుగు రూపాయి నోట్లు, వాటిపైన ముప్పై మూడు పైసల చిల్లర పెట్టింది. మల్లికార్జునయ్యకు నవ్వు వచ్చింది. కించపరిచే నవ్వు కాదది. “అప్పు ఇంకా నీ మొగుని చేతికే రాలేదమ్మా. నాలుగు రూపాయలు అక్కరలేకపోతే నాలుగు తక్కువ తీసుకోమను. సరిపోతుంది గదా.”

“తక్కువ తీసుకుంటే మీరు కిస్తు తగ్గిస్తారు సామీ. నెలలు తగ్గించరు. మాకు తగ్గాల్సింది నెలలు.”

కార్యదర్శి చేతిలోని కలం ఆగిపోయింది. ఆయన ఒక తెల్లకాగితం లాక్కొని లెక్క వేసినాడు. ఈనాడు నాలుగు రూపాయల ముప్పైమూడు పైసలు. నెలకు నూటికి అర్ధరూపాయి వడ్డీ చొప్పున రెండు వందల నలభై నెలలు. ఆయనకు కూడికలు కొత్తగావు. అయినా వేసిన లెక్కను మరల వేసినాడు. రెండుసార్లూ అది పోయిపోయి పట్టికలో ఆఖరి వరుసకే చేరింది. ఇరవై యేండ్ల తరువాత కట్టవలసిన పద్నాలుగు రూపాయల ముప్పైమూడు పైసలను ఆ కొంగుచిల్లర ఈ ప్రొద్దున తీర్చివేస్తున్నది. ఆయన కండ్లజోడు తీసి, తుడిచి, మరల పెట్టుకొని, ఎదుట నిలబడిన మనిషిని మొదటిసారిగా చూచినాడు. రాతిదుమ్ము దిగిన గోళ్లు, సుత్తికాడ పట్టి కాయలు కాచిన అరచేయి. ఆ తరువాత మాట్లాడినప్పుడు ఆయన ఆమెను మీరని సంబోధించినాడు.

“మీరు చెప్పింది నిజమేనమ్మా. రసీదు రాసిస్తాను, అసలు పద్దుకింద. లింగన్నా, చేవ్రాలు చెయ్యి.”

లింగన్న ఇప్పుడు కలం పుచ్చుకొని, అక్షరాలను కీలు బిగించినట్లు ఒక్కొక్కటిగా బిగించి తన పేరు రాసినాడు. రసీదు చేతికి వచ్చింది. అయినా సుంకమ్మ కదలలేదు.

“ముందర ఒక నెల దాటితే ఆఖరున ఒక నెల పోతాది గదా. ఆ ఆఖరి గడి కొట్టెయ్యండి సామీ.”

రసీదు ఉండగా కొట్టివేయనక్కరలేదనీ, ఆఖరున లెక్క దానంతట అదే సరిపోతుందనీ మల్లికార్జునయ్య చెప్పినాడు. ఆమె వినింది. విని కూడా, పెట్టె అంచు మీద కాలుపెట్టి నిలబడ్డట్లే ఆ బల్ల అంచు మీద చేయి ఉంచి నిలబడింది. ఆయన సొరుగులోనుండి రూళ్లకర్ర తీసి, ఎర్రసిరా బుడ్డి మూత విప్పి, రెండు వందల నలభయ్యో వరుస మీద ఈ కొసనుండి ఆ కొసకు ఒక గీత గీసినాడు. పక్కన తన పొడి అక్షరాలు వేసినాడు.

“అది ఏ యేడు, ఏ నెల?” అని ఆమె అడిగింది.

“పందొమ్మిది వందల ఎనభై ఆరు. మే నెల.”

ఆమె మొగుని వైపు తిరిగి, ఆ యేటికి ఆయన ఎట్లుంటాడో చూస్తున్నట్లు కొంతసేపు పరకాయించింది. నలభై నాలుగేండ్ల లింగన్న ఆ చూపుకు కొంచెం సిగ్గుపడినాడు.

“అరవై నాలుగేండ్ల ముసలోడు,” అన్నది సుంకమ్మ. “ఆ నెల ఎవురికీ ఏమీ ఇయ్యబన్లేదు. నడవనీలే సామీ, నిదానంగా.”

వాళ్లు మెట్లు దిగి ఎండలోకి పోయినారు. ఆంజినప్ప లేచి వచ్చి, అలవాటు కొద్దీ అడగకముందే ఎడమచేతి బొటనవేలు చాచినాడు. మల్లికార్జునయ్య సిరాదిండును వెనక్కి లాక్కొన్నాడు.

“కూర్చోప్పా. ముందు ఇది విను,” అని పత్రాన్ని తిప్పి, పదకొండవ షరతును గొంతెత్తి చదవసాగినాడు.